పెన్‌డ్రైవ్‌లో మాన్యువల్ ఎందుకు ఇవ్వమంటే

ఈమధ్య బెంగళూరులో మా స్పేర్ పార్టుల షాపుకి వచ్చేవాళ్లు చాలామంది పార్టు కంటే ముందు మాన్యువల్ అడుగుతున్నారు. "అన్నా, నా బండి సర్వీస్ మాన్యువల్ పెన్‌డ్రైవ్‌లో వేసిస్తారా? వేరే షాపుల్లో ఇస్తున్నారు కదా!" అని. కౌంటర్ దగ్గర ఒక్కొక్కరికీ చెప్పేకన్నా ఒకేసారి రాసేస్తే మేలనిపించింది. వేసివ్వం. ఎంతిస్తామన్నా వేసివ్వం. దాని బదులు ఏం చేస్తున్నామో కూడా చెబుతాను.

మీకు పని తెలిసిపోతే మా బేరం పోతుందని కాదు. సొంతంగా బండి పని చేసుకునేవాళ్లే మాకు మంచి గిరాకీ. జె.సి. రోడ్డు దగ్గర మాలాంటి చిన్న షాపుల్లో మెకానిక్కులు ఖాతా రాయించి నెల తర్వాత ఇస్తారు. మారతహళ్లి నుంచో కె.ఆర్. పురం నుంచో శనివారం వచ్చే మన తెలుగు కుర్రాళ్లు అక్కడికక్కడే ఫోన్ తీసి కట్టేసి పోతారు. పెన్‌డ్రైవ్ అమ్మితే వచ్చిందంతా మిగులే, ఆ సంగతి మాకూ తెలుసు. కానీ ఆ పుస్తకాలు కంపెనీలవి. వాటిని కాపీ కొట్టి అమ్మడం 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం నేరం. అదొక కారణం. నాకు అంతకంటే పెద్ద ఇబ్బంది ఆ పెన్‌డ్రైవుల్లోని సరుకుతో. ఫైలు మీద ఒక బండి పేరు ఉంటుంది, లోపల ఇంకో బండి ఉంటుంది.

బుల్లెట్ 350నే తీసుకోండి. ఒకే పేరు, మూడు రకాల ఇంజన్లు. పాత క్యాస్ట్ ఐరన్ బండిలో ఇంజన్ వేరు, గేర్‌బాక్స్ వేరు, ప్రైమరీ చైన్ కేసు వేరు. దేని ఆయిల్ దానిదే. తర్వాత వచ్చిన యూసీఈ (యూనిట్ కన్‌స్ట్రక్షన్ ఇంజన్)లో ఇవన్నీ కలిసిపోయాయి, అన్నిటికీ ఒకటే ఆయిల్. 2023 సెప్టెంబరులో వచ్చిన బుల్లెట్‌లో ఉన్నది జె సిరీస్ ఇంజన్, అది పూర్తిగా వేరే. ఇంటర్నెట్‌లో తేలిగ్గా దొరికేదేమో పాత ఐరన్ బండి పుస్తకం. మొన్న ఒకాయన యూసీఈ బండి పెట్టుకుని, ఆ పాత పుస్తకం చూసి గేర్‌బాక్స్ ఆయిల్ కావాలని వచ్చారు. "ఎక్కడ పోస్తారండీ?" అంటే, "మూత కనపడట్లేదు, అది కూడా మీరే చూపించాలి" అన్నారు. లేని మూత ఎక్కడ చూపించేది! ఆయన్ని అనడానికీ లేదు, ఫైలు మీద బుల్లెట్ 350 అనే ఉంది మరి.

స్కూటర్లకైతే 2020 ఏప్రిల్ చూసుకోవాలి. బీఎస్-6 కాలుష్య నిబంధనలతో కార్బ్యురేటర్ పోయి ఫ్యూయల్ ఇంజెక్షన్ వచ్చింది. బీఎస్-4 యాక్టివా పుస్తకంలో కార్బ్యురేటర్ విప్పి కడిగే పద్ధతి ఎంత బాగా రాసి ఉన్నా, బీఎస్-6 మోడల్ యాక్టివా 6జీ ఉన్నవాళ్లకు అది దండగ.

అసలు మీకు కావాల్సింది ఏ పుస్తకమో ముందు తేల్చుకోండి. బండితో పాటు వచ్చే ఓనర్స్ మాన్యువల్‌ని చాలామంది ప్లాస్టిక్ కవరు కూడా విప్పకుండా డిక్కీలోనో గ్లోవ్ బాక్సులోనో పడేస్తారు. ఆయిల్ గ్రేడు, ఎంత పోయాలి, టైర్లలో గాలి ఎంత, ఏ ఫ్యూజు దేనికి, ఎన్ని కిలోమీటర్లకు ఏది మార్చాలి, అన్నీ అందులోనే ఉంటాయి. పోయినా బాధ లేదు, చాలా కంపెనీలు తమ వెబ్‌సైటులో ఉచితంగానే పెట్టాయి. ఇంట్లో చేసుకునే పనుల్లో ఎక్కువ భాగానికి అది చాలు. ఒక్క ఆయిల్ సంగతే చూడండి. గేర్ల బైకులకు డబ్బా మీద జాసో (జపాన్ వాళ్ల ఆయిల్ ప్రమాణం) ఎంఏ లేదా ఎంఏ2 అని ఉండాలి, స్కూటర్లకు ఎంబీ. బైకుల్లో క్లచ్ ఆ ఆయిల్లోనే మునిగి తిరుగుతుంది. అందులో ఎంబీ పోస్తే క్లచ్ జారుతుంది. రెండు డబ్బాల మీదా 10డబ్ల్యూ-30 అనే ఉంటుంది కాబట్టి, ఆ చిన్న అక్షరాలు చూడకపోతే అంతే.

రెండోది పార్ట్స్ క్యాటలాగ్. దీని విలువ చాలామందికి తెలియదు. విప్పిన ప్రతి ముక్కా ఏ వరుసలో కూర్చోవాలో బొమ్మ వేసి, పక్కన పార్టు నంబరు ఇస్తారు. అంతా బిగించాక నేల మీద ఒక వాషరు మిగిలితే ఆ టెన్షన్ ఎలా ఉంటుందో మీకే తెలుసు. అప్పుడు ఈ బొమ్మే దిక్కు.

మూడోది అసలు వర్క్‌షాప్ మాన్యువల్. ఇంజన్ విప్పడం, క్లియరెన్సులు (పార్టుల మధ్య ఉండాల్సిన సందు), ఏ బోల్టు ఎంత బిగించాలి, ఇవన్నీ అందులో ఉంటాయి. డీలర్లకే పరిమితం చేయడం వల్ల దొరకడం కష్టం. స్పేర్ పార్టులు, టూల్స్, సాంకేతిక సమాచారం బయటి మెకానిక్కులకు అందనివ్వడం లేదని కాంపిటీషన్ కమిషన్ 2014 ఆగస్టులో 14 కార్ల కంపెనీలకు 2,544 కోట్ల రూపాయల జరిమానా వేసింది. దాని మీద అప్పీళ్లు నడిచాయనుకోండి. 2022 డిసెంబరులో కేంద్ర వినియోగదారుల శాఖ 'రైట్ టు రిపేర్' పోర్టల్ తెచ్చింది, అందులో వాహనాలకూ విభాగం ఉంది. వెతుకులాట అక్కడా, కంపెనీ సైటులోనూ మొదలుపెట్టండి. ప్రతి మోడల్‌కీ వర్క్‌షాప్ పుస్తకం దొరుకుతుందని మాత్రం నేను మాటివ్వను.

అవెన్యూ రోడ్డు పాత పుస్తకాల్లో అప్పుడప్పుడు హేన్స్ పుస్తకాలు తగులుతాయి. 1960లో బ్రిటన్‌లో మొదలైన సంస్థ అది. బండిని నిజంగా విప్పి, మళ్లీ బిగించి, ఫోటోలతో సహా రాస్తారు. కొత్త మోడళ్లకు కాగితం పుస్తకాలు ఆపేస్తున్నామని 2020లో ప్రకటించారు. చదివి నేర్చుకోవడానికి అంత మంచివి నేను చూడలేదు. కానీ అవి అక్కడి బండ్లకు రాసినవి. అదే పేరుతో మన దగ్గర అమ్మిన కారులో ఇంజనే వేరు కావచ్చు. పద్ధతి అందులో నేర్చుకోండి, అంకెలు మాత్రం తీసుకోవద్దు.

ఆ అంకెల దగ్గరే బోల్టులు తెగేది. ఒక పుస్తకంలో డ్రెయిన్ బోల్టు (ఆయిల్ దించే బోల్టు) బిగింపు 24 న్యూటన్ మీటర్లు అని ఉంటుంది, ఇంకోదాంట్లో 2.4 కేజీఎఫ్ మీటర్లు అని ఉంటుంది. రెండూ దాదాపు ఒకటే. అదే 24ని టార్క్ రెంచి (బిగింపు కొలిచే పానా) మీద ఫుట్ పౌండ్ల గీతకు పెట్టి తిప్పారంటే 32 న్యూటన్ మీటర్లు దాటిపోతుంది. కింద ఉన్నది అల్యూమినియం ఛాంబర్, బోల్టేమో ఉక్కు. చేతికి ముందు గట్టిగా తగిలి, తర్వాత ఉన్నట్టుండి మెత్తగా తిరుగుతుంది. మర పోయిందని అప్పుడు తెలుస్తుంది. నలభై రూపాయల వాషరు మార్చుకోవడానికి కూర్చున్న మనిషి హెలికాయిల్ (పోయిన మర చోట పెట్టే తీగచుట్ట) వేయించడానికి షెడ్డుకి బండి తోసుకెళ్లాలి.

ఇక మా ఏర్పాటు. ఈ నెల నుంచి షాపు వెనక గదిలో ఒక బల్ల వేశాం. మా దగ్గరున్న ఒరిజినల్ పుస్తకాలు, క్యాటలాగులు అక్కడ ఉంటాయి. కూర్చుని చదువుకోండి, మీ పనికి కావాల్సిన అంకెలు రాసుకోండి, దానికి డబ్బు తీసుకోం. పార్టు కొనాలనే షరతు కూడా లేదు. పుస్తకం మాత్రం గడప దాటదు. టార్క్ రెంచి రోజుకి వంద రూపాయల అద్దె, పదిహేను వందలు డిపాజిట్. వాడిన ఆయిల్ డబ్బాలో పట్టి తెస్తే తీసుకుంటాం, రీసైక్లింగ్ వాళ్లకు పంపుతాం. దయచేసి అపార్ట్‌మెంట్ బేస్‌మెంట్ కాలవలో పోయకండి. అసోసియేషన్ వాళ్లు పార్కింగ్‌లో పానా పట్టుకోనివ్వకపోవడానికి అదే పెద్ద కారణం.

కొన్నిటికి పుస్తకం ఉన్నా చేయొద్దనే చెబుతాను: ఎయిర్‌బ్యాగ్, ఏబీఎస్ యూనిట్, సీఎన్‌జీ పైపులు, ఎలక్ట్రిక్ బండ్లలో నారింజ రంగు కేబుళ్లు. కోపమొస్తే రానివ్వండి. జాక్ మీద మాత్రమే నిలబెట్టిన కారు కిందకి దూరడం కూడా ఆ లెక్కలోనిదే. స్టాండ్లు మా దగ్గర అద్దెకు ఉన్నాయి.

వచ్చేటప్పుడు ఛాసిస్ నంబరు ఫోటో తీసుకురండి. పదిహేడు అక్షరాల్లో మొదటి మూడూ తయారీదారుని చెబుతాయి: ఎంబీఎల్ అంటే హీరో, ఎంఈ4 హోండా, ఎంఈ3 రాయల్ ఎన్‌ఫీల్డ్, ఎంఏ3 మారుతి. మిగతా అంకెలతో మోడల్, తయారైన ఏడాది పట్టుకుని సరైన క్యాటలాగ్ తీసిస్తాం. "రెడ్ కలర్ స్ప్లెండర్, మా మామయ్యది" అంటే మాత్రం నా వల్ల కాదు. బల్ల దగ్గర ముగ్గురికే చోటు. శనివారం సాయంత్రం రద్దీ ఎక్కువ, వీలైతే పొద్దున్నే రండి. ఆదివారం షాపు తీయం.