ఇంట్లోనూ తలగుడ్డ ఎందుకు?

సంపాదకులకు,

ఇరాన్ నటి తరానే అలీదూస్తీ గురించి రాసేటప్పుడు ‘ఆస్కార్ నటి’ అనేస్తుంటారు. ఆస్కార్ వచ్చింది ఆమె నటించిన ‘ది సేల్స్‌మన్’ (2016) చిత్రానికి, ఉత్తమ విదేశీ చిత్రంగా. ఇరాన్ సహా కొన్ని దేశాల వారిపై అమెరికా పెట్టిన ప్రయాణ నిషేధానికి నిరసనగా ఆమె ఆ వేడుకకే వెళ్లలేదు. నటిగా పేరు తెచ్చింది 2002లో వచ్చిన తొలి చిత్రం. పదిహేనేళ్ల తల్లి పాత్రకు ఇరాన్‌లోని ఫజ్ర్ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటిగా స్ఫటిక సీముర్గ్ పురస్కారం దక్కింది. ఆ తర్వాత ‘ది సేల్స్‌మన్’ దర్శకుడు అస్గర్ ఫర్హాదీతోనే నాలుగు చిత్రాలు.

ఆమె నటనను అంచనా కట్టాలంటే అక్కడి నిబంధనలు తెలియాలి. సినిమాకు రెండు అనుమతులు కావాలి: తీయడానికి ఒకటి, ప్రదర్శించడానికి మరొకటి. రెండూ సాంస్కృతిక శాఖవే. రెండోది ఆగితే పూర్తయిన సినిమా కూడా డబ్బాలోనే. పరాయి మగవారి ముందు స్త్రీ జుట్టు కప్పుకోవాలన్నది అక్కడి నియమం; చూసే ప్రేక్షకుడు పరాయివాడు కాబట్టి నటి పడకగదిలోనూ జుట్టు కప్పుకోవాలి. భార్యాభర్తల పాత్రలైనా ఒకరినొకరు తాకరాదు. కౌగిలింత పడాల్సిన చోట చూపు, గొంతు, తలుపు చప్పుడుతో నెట్టుకురావాలి. ‘అతి పొదుపు నటన’ అని మన సమీక్షకులు మెచ్చుకునేదాంట్లో సగం ఈ కట్టడి పనే. మిగతా సగం మాత్రం ఆమెదే!

2022 నవంబరులో ఇరాన్‌లోని నిరసనలకు మద్దతుగా తలగుడ్డ లేకుండా, ‘మహిళ, జీవితం, స్వేచ్ఛ’ అనే కుర్దీ నినాదం పట్టుకున్న ఫొటో పెట్టారు. డిసెంబరులో అరెస్టయ్యారు, జనవరి 4న బెయిలుపై వచ్చారు. ఇకపై రాసేవారు కనీసం ఈ వరుసైనా సరిగా ఇవ్వగలరు.

– ఒక పాఠకుడు, విజయవాడ