చార్మినార్ దాటని నడక: పర్యాటక మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన మంత్రి గారికి,

నమస్కారం.

మీ కార్యాలయానికి ఇదివరకు నేను పెట్టుకున్న అర్జీలకు జవాబు లేదు. ఉన్నమాట చెప్పాలంటే ఒకదానికి మాత్రం వచ్చింది, "తగు చర్య నిమిత్తం సంబంధిత విభాగానికి పంపడమైనది" అని. ఆ సంబంధిత విభాగం ఏదో అందులో రాయలేదు. అందుకే ఈసారి నలుగురూ చదివేలా రాస్తున్నాను. ఎక్కడైనా మర్యాద తగ్గినట్టు అనిపిస్తే మన్నించండి. ఉన్న మర్యాదంతా పాత అర్జీల్లో ఖర్చయిపోయింది.

పాతబస్తీ హెరిటేజ్ వాక్ గురించి మీకు నేను కొత్తగా చెప్పేదేముంది? దాన్ని నడిపే ఏజెన్సీ ఎవరో మీకు తెలుసు, పేరు రాసి వాళ్లను రచ్చకీడ్చడం నా ఉద్దేశం కాదు. నా గోడు ఒక్కటే. టికెట్ మీద రెండు గంటల నడక అని ఉంటుంది. ముప్పావు గంటలో అయిపోతుంది. బోర్డు మీద చార్మినార్ నుంచి హైకోర్టు దగ్గర మూసీ ఒడ్డు దాకా గీత గీసి ఉంటుంది. మనిషి మాత్రం చార్మినార్ నీడ దాటి పోడు.

ఆ బోర్డు మీరు చూశారో లేదో. ఎండకు ఎరుపు గీత వెలిసి లేత గులాబీ రంగుకు వచ్చింది. "మీరు ఇక్కడ ఉన్నారు" అన్న చోట ఎవరో స్పోకెన్ ఇంగ్లిష్ క్లాసుల స్టిక్కర్ అంటించిపోయారు. అయినా పేర్లు చదవొచ్చు: మక్కా మసీదు, లాడ్ బజార్, చార్ కమాన్, గుల్జార్ హౌజ్, బాద్‌షాహీ అషూర్‌ఖానా, పత్తర్‌గట్టి. ఆ పేర్లు చదివే కదా మనం డబ్బులు కట్టేది! చార్మినార్ ఒక్కటే చూడాలంటే గైడ్ ఎందుకండీ, ఆటో దిగితే కనబడుతుంది.

జరిగేది ఇదీ. మెడలో చిన్న స్పీకర్ తగిలించుకున్న కుర్రాడు ఒకడు వస్తాడు. స్పీకర్ బ్యాటరీ మూత ఊడిపోకుండా రబ్బరు బ్యాండు చుట్టి ఉంటుంది. 1591లో మహమ్మద్ కులీ కుతుబ్ షా కట్టించాడని, పైకి 149 మెట్లని, గడియారాలు మాత్రం 1889లో పెట్టారని చెబుతాడు. బాగానే చెబుతాడు. అక్కడి నుంచి మక్కా మసీదు గేటు దగ్గరికి తీసుకెళ్లి, 1617లో మొదలైన కట్టడం 1694లో ఔరంగజేబు కాలానికి గానీ పూర్తి కాలేదంటాడు. ఇంతవరకూ వంక పెట్టడానికి లేదు. ఆ తర్వాత చెయ్యి చాపి "అటు లాడ్ బజార్, మీరు తర్వాత షాపింగ్ చేసుకోవచ్చు" అంటాడు. ఇక ఫొటోలు. ఫొటోలు అయ్యాక థాంక్యూ.

ఇంకా ముందుకు ఎందుకు పోరని అడిగితే, ఒకసారి అటు ట్రాఫిక్ ఎక్కువగా ఉందన్నారు. ఇంకోసారి వీఐపీ కాన్వాయ్ అన్నారు. మరోసారి రోడ్డు తవ్వారన్నారు. ఏ కారణమూ లేని రోజు "ఈ రోజుకి ఇంతే సార్" అన్నారు. అదొక్కటే నిజాయతీగా అనిపించింది.

గుల్జార్ హౌజ్ ఎంత దూరమండీ చార్మినార్ నుంచి? కబుర్లు చెప్పుకుంటూ నడిచినా కొద్ది నిమిషాలు. నాలుగు దిక్కులా నాలుగు కమాన్లు, మధ్యలో ఆ హౌజ్, అంటే నీటి తొట్టి. నాలుగు వందల ఏళ్ల కింద అది కుతుబ్ షాహీల కోట ముందరి మైదానం. పడమటి కమాను గుండానే రాజమహళ్లకు దారి, దానికి జరీ తెర వేలాడేదని చెబుతారు. తూర్పు కమాను మీద నగారా మోగేది. మహళ్లు ఇప్పుడు లేవు. మిగిలినవి ఈ కమాన్లే. వాటి కింద నుంచి రోజూ వేల మంది స్కూటర్ల మీద పోతుంటారు, ఎవరూ తల ఎత్తరు. తల ఎత్తమని చెప్పడానికే కదా గైడ్ ఉన్నది. అతను అక్కడికే రాకపోతే ఎవరు చెప్పాలి? వాట్సాపా?

లాడ్ బజార్‌నైనా షాపింగ్‌కి వదిలేయడం నాకు మింగుడుపడదు. హైదరాబాద్ లక్క గాజులకు 2024లో జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపు వచ్చిందని ప్రభుత్వం గొప్పగా చెప్పుకుంది, సంతోషం. మరి ఆ గాజు ఎలా తయారవుతుందో టికెట్ కొన్నవాడికి చూపిస్తే తప్పేమిటి? నిప్పుల మీద లక్కను మెత్తబరిచి, సన్నటి కడ్డీలా సాగదీసి, గుండ్రంగా వంచి, వేడి ఆరక ముందే ఒక్కో రాయీ పొదుగుతారు. చేతులు కాలే పని. అది ఒక్క పది నిమిషాలు చూసినవాడు దుకాణంలో బేరమాడటానికి సిగ్గుపడతాడు. షాపుల ముందు నిలబెట్టి చెయ్యి చూపిస్తే మాత్రం బేరమే గుర్తుకొస్తుంది.

ఇవన్నీ ఒక ఎత్తు. మొహర్రానికి పీరీలు నిలబెట్టే బాద్‌షాహీ అషూర్‌ఖానా సంగతి ఒక ఎత్తు. ఈ ఉత్తరం రాయడానికి అసలు కారణం అదే.

మా పెద్దమ్మ పల్లెటూరి మనిషి. చిన్నప్పటి నుంచీ పీరీల పండుగకు ఊళ్లో అలాయి ఆడిన మనిషి, పీరీలు ఎత్తుకున్నవాళ్ల కాళ్ల మీద బిందెలతో నీళ్లు పోసిన మనిషి. ఈ ఏడాది మా ఇంటికి వచ్చినప్పుడు ఆమెతో అన్నాను: "పెద్దమ్మా, మన ఊళ్లో నిలబెట్టే పీరీల లాంటివి నిలబెట్టడానికి ఈ పట్నం కట్టిన రాజు ఏకంగా ఒక పెద్ద భవనమే కట్టించాడు, చూద్దువు గానీ రా." ఆమెకు చార్మినార్ మీద పెద్ద ఆసక్తి లేదు, అది సినిమాల్లో చూసింది. పీరీల ఇల్లు చూడాలని వచ్చింది. మోకాళ్ల నొప్పులు, అయినా వచ్చింది.

మక్కా మసీదు గేటు దగ్గర గైడ్ థాంక్యూ చెప్పేశాడు. పెద్దమ్మ అతని వంక చూసి "గింతేనా బిడ్డా? పీరీల ఇల్లు ఏది?" అంది. ఆ కుర్రాడు నా వైపు చూశాడు. నేను బోర్డు వైపు చూపించాను. "అది రూట్‌లో ఉంది గానీ మేం పోవట్లేదు అమ్మా" అన్నాడు. రూట్‌లో ఉంది గానీ పోవట్లేదు! మంత్రి గారూ, ఈ వాక్యాన్ని మీ సమీక్షా సమావేశంలో ఎవరైనా వివరించగలరేమో కనుక్కోండి. నాకైతే ఇప్పటికీ అర్థం కాలేదు.

ఆ అషూర్‌ఖానా చార్మినార్ ఈడుదే, మహమ్మద్ కులీ కాలంలో కట్టిందే. లోపలి గోడల మీద పింగాణీ పలకల పని ఉంది: పసుపు, నీలం, ఆకుపచ్చ. 1908 మూసీ వరదల్లో కింది భాగం దెబ్బతింది. నగరానికి ఏం జరిగిందో ఆ ఒక్క గోడ దగ్గర నిలబడి చెప్పొచ్చు. 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగి వేల ప్రాణాలు పోయాయి. ఆ తర్వాతే విశ్వేశ్వరయ్యను పిలిపించి సలహా అడిగారు, ఉస్మాన్ సాగర్, హిమాయత్ సాగర్ జలాశయాలు కట్టారు, 1912లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు పెట్టారు. పత్తర్‌గట్టి రాతి కమానుల దుకాణాల వరుస ఆ బోర్డు కట్టించిందే. అంటే అషూర్‌ఖానా గోడ నుంచి పత్తర్‌గట్టికి నడిస్తే వరద నుంచి లేచి నిలబడిన నగరం కళ్ల ముందు ఉంటుంది. ప్రతి వానాకాలం సగం నగరం మోకాలి లోతు నీళ్లలో ఉండే మనకు ఇంతకు మించి పనికొచ్చే పాఠం ఉందా? ఆ పాఠం దగ్గరికే మీ నడక వెళ్లదు.

గైడ్ మీద నాకు కోపం లేదు, అది స్పష్టంగా రాస్తున్నాను. అతనికి ట్రిప్పుకి ఇంత అని ఇస్తారట. రెండు గంటలు తిప్పినా అంతే, ముప్పావు గంట తిప్పినా అంతే. ఒకే పూట రెండు బ్యాచ్‌లు చేస్తే గానీ గిట్టదట. అలాంటప్పుడు ఎవరైనా ఏం చేస్తారు? కుర్రాడికి విషయం తెలుసు. నేను అడిగితే, నిలబడ్డ చోటు నుంచే నాలుగు కమాన్ల పేర్లూ గడగడా చెప్పాడు. చెప్పగలిగిన మనిషిని పెట్టుకుని, చెప్పే అవసరం లేకుండా ఏర్పాటు చేశారు. ఇది ఎవరి తెలివో!

మీ వాళ్లను అడిగితే ఏం చెబుతారో కూడా నాకు తెలుసు, నాకు చెప్పారు కాబట్టి. చార్మినార్ కేంద్ర పురావస్తు శాఖది, రోడ్డు కార్పొరేషన్‌ది, వేలాడే తీగలు కరెంటు వాళ్లవి, ట్రాఫిక్ పోలీసులది. అన్నీ నిజమే. మరి నడక ఎవరిది? టికెట్ డబ్బులు తీసుకున్న జేబు ఎవరిదో దానికి బాధ్యత కూడా వారిదే కావాలి గదా. మేం తీగలు తీసేయమనలేదు, కమాన్లకు రంగులు వేయమనలేదు. (దయచేసి వేయకండి.) కాళ్లతో నడిపించమన్నాం, అంతే. దీనికి నిధులు మంజూరు కావాలా? టెండర్ పిలవాలా?

దారిలో ఆడవాళ్లకు మరుగుదొడ్డి లేని సంగతి వేరే అర్జీలో రాశాను. దాని గతీ ఇదే కాబట్టి ఇక్కడ మళ్లీ రాయను.

ప్రతి ఏటా పర్యాటక దినోత్సవం వస్తుంది, హెరిటేజ్ మన ఆస్తి అని ఉపన్యాసాలు వస్తాయి, శాలువాలు కప్పుకుంటారు. ఆ రోజు కూడా నడక మసీదు గేటు దగ్గరే ఆగుతుంది. మీరు బిజీగా ఉంటారని తెలుసు. అయినా ఒక ఆదివారం పొద్దున, ఎస్కార్ట్ లేకుండా, పేరు చెప్పకుండా, క్యూలో టికెట్ కొనుక్కుని రండి సార్. ముందే ఫోన్ చేసి వస్తే మాత్రం ఆ రోజు అషూర్‌ఖానా దాకా తివాచీ పరుస్తారు, మాకు ఒరిగేదేమీ లేదు.

నేను అడిగేవి పెద్ద కోరికలు కావు. గైడ్‌కి ట్రిప్పు లెక్కన కాకుండా నడిపించిన గంటల లెక్కన ఇప్పించండి. బోర్డు మీద ఉన్న ప్రతి చోటుకూ తీసుకెళ్లమనండి. వెళ్లలేని రోజున టికెట్ అమ్మే ముందే చెప్పమనండి, మోకాళ్ల నొప్పులున్న మనిషిని అంత దూరం నుంచి తీసుకురాకుండా ఉంటాం. దండం పెట్టి అడుగుతున్నాను, చెప్పిన దారంతా నడిపించండి. అది కూడా కుదరదంటే ఒక పని చేయండి. చార్మినార్, మక్కా మసీదు రెండూ ఉంచి బోర్డు మీద మిగతా పేర్లన్నీ చెరిపేయించండి. ఒక డబ్బా పెయింటు చాలు, అది నేనే కొనిస్తాను.

ఇట్లు,
పూర్తి టికెట్ కొని సగం కూడా నడవని ఒక నగరవాసి

తా.క.: టికెట్ రసీదు ఈసారి జతపరచడం లేదు. కిందటి అర్జీకి జతచేసిన ఒరిజినల్ మీ ఆఫీసులోనే ఎక్కడో ఉంది. దొరికితే పంపించగలరు.