ఫిబ్రవరి వార్తాలేఖ: మీ పిల్లల ఊపిరి లెక్కపెట్టడం నేర్చుకోండి

తల్లిదండ్రులందరికీ నమస్కారం.

పోయిన గురువారం పొద్దున మైదానంలో జరిగినదాని గురించి గేటు దగ్గరా, వాట్సాప్ గ్రూపుల్లోనూ రకరకాలుగా చెప్పుకుంటున్నారు. పిల్లల్ని ఎండలో నిలబెట్టారనీ, ఒక పాప స్పృహ తప్పి పడిపోయిందనీ నాకే ఫోన్లు వచ్చాయి. రెండూ జరగలేదు. ఏడో తరగతి పాపకు ఖోఖో ప్రాక్టీసులో ఉబ్బసం ఒక్కసారిగా ఎక్కువైంది. 108 వచ్చింది, ఆసుపత్రిలో నెబ్యులైజర్ పెట్టారు, సాయంత్రానికి ఇంటికి చేరింది. సోమవారం నుంచి క్లాసుకు వస్తోంది. ఆ పాప అమ్మానాన్నలు సరేనన్నాకే ఇది రాస్తున్నాను.

మామూలు విషయాలు: ఎఫ్.ఏ. మార్కుల కార్డులు సంతకం చేసి పంపండి, పదో తరగతి ప్రీఫైనల్ టైంటేబుల్ డైరీలో అతికించాం, శివరాత్రికి సెలవు, మూడో టర్మ్ ఫీజు బాకీ ఉన్నవాళ్ళు ఆఫీసులో కనుక్కోండి.

ఇక ఆ రోజు సంగతి. పాప ఆట మధ్యలో ఆగి, మోకాళ్ళ మీద చేతులు ఆనించి ముందుకు వంగింది. పక్కనున్న అమ్మాయి "ఏమైందే" అంటే "నాకు..." అని ఆగి, ఊపిరి తీసుకుని, "ఊపిరి..." అంది. ఒక్కో మాటకూ ఆగుతోందని ఆ పిల్ల పసిగట్టింది. పన్నెండేళ్ళ పిల్ల! వెంటనే కూర్చోబెట్టి, పడుకోనివ్వకుండా, గడియారం చూస్తూ నిమిషం పాటు ఊపిరి లెక్కపెట్టింది. 42. ఆట ఆపి అప్పటికే ఐదు నిమిషాలు దాటింది. ఇంకో పిల్ల పీఈటీ సారు దగ్గరకు పరుగెత్తింది, మూడో పిల్ల చుట్టూ మూగిన వాళ్ళను వెనక్కి పంపి గాలి ఆడేలా చూసింది. 108 సిబ్బంది రాగానే మొదట అడిగింది ఊపిరి ఎంత ఉందనే. మా పిల్ల జవాబు సిద్ధంగా పెట్టుకుంది. సైన్సు టీచరు క్లాసులో చేయించిన ప్రయోగం అక్కడ పనికొచ్చింది. ఈ ముగ్గురికీ వార్షికోత్సవంలో వేదిక మీద నా చేతులతో నేనే బహుమతి ఇస్తాను. వాళ్ళ గురించి ఎంత చెప్పినా నాకు తనివి తీరడం లేదు.

ఏడో తరగతి పిల్లకు వచ్చిన ఈ విద్య ప్రతి ఇంట్లోనూ ఉండాలి. దీనికి పరికరం అక్కర్లేదు, సెకన్ల ముల్లున్న గడియారం చాలు. బిడ్డ ఏడవకుండా, ఆడకుండా, నెమ్మదిగా ఉన్నప్పుడు చొక్కా పైకెత్తి చూడండి. ఛాతీ లేదా పొట్ట ఒకసారి పైకి లేచి దిగితే ఒకటి. పావు నిమిషం చూసి నాలుగుతో గుణించకండి, నిమిషమంతా లెక్కపెట్టండి, ఎందుకంటే పిల్లల ఊపిరి ఒక్క తీరుగా సాగదు. లెక్కపెడుతున్నామని పెద్ద పిల్లలకు చెప్పకండి, తెలిస్తే ఊపిరి తీరు మారిపోతుంది. ఆరు నుంచి పన్నెండేళ్ళ పిల్లలకు సుమారు 18 నుంచి 25, హైస్కూలు పిల్లలకూ మనకూ 12 నుంచి 20 మామూలు. ఇంట్లో చంటిపిల్లలుంటే ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క గుర్తుపెట్టుకోండి: రెండు నెలల్లోపు బిడ్డకు 60, ఏడాదిలోపు 50, ఐదేళ్ళలోపు 40. అంతకు చేరినా, దాటినా వేగంగా ఊపిరి తీస్తున్నట్టే. దగ్గు, జ్వరంతో పాటు ఇది కనిపిస్తే న్యుమోనియా కావచ్చు, అదే రోజు డాక్టరుకు చూపించండి. పరుగెత్తి వచ్చిన పిల్లవాడికి 40 ఉన్నా భయం లేదు, కాసేపట్లో దిగాలి. దిగకపోతేనే ఆలోచించాలి.

లెక్క ఒక్కటే చాలదు. డొక్కలు ఎగరేయడం, ఊపిరి తీసినప్పుడు పక్కటెముకల మధ్యా గొంతు గుంట దగ్గరా చర్మం లోపలికి లాక్కుపోవడం, ముక్కుపుటాలు అదరడం, వాక్యం పూర్తి చేయలేకపోవడం, పెదవులూ నాలుకా నీలంగా మారడం, మగతగా వాలిపోవడం: వీటిలో ఏది కనిపించినా 108కి ఫోన్ చేయండి. ఇంకొకటి. పిల్లికూతలు ఆగిపోయాయి కదా, తగ్గిందనుకోకండి. బిడ్డ ఇంకా అవస్థ పడుతూ ఛాతీలో చప్పుడు లేకుండా పోతే, గాలి సరిగా ఆడటం లేదని అర్థం. అది మరీ ప్రమాదం.

ఇప్పుడు మీతో ఒక మాట, దయచేసి ఏమీ అనుకోకండి. ఆ పాప అడ్మిషన్ ఫారంలో "ఆరోగ్య సమస్యలు" అన్నచోట "ఏమీ లేవు" అని ఉంది. ఇన్‌హేలర్ ఇంట్లో బీరువాలో ఉంది. ఇది ఆ ఒక్క ఇంటి సంగతి కాదు. ఆడపిల్లకు ఉబ్బసం ఉందని తెలిస్తే రేపు సంబంధాలు రావని నాకు మొహం మీదే చెప్పినవాళ్ళున్నారు. మృగశిర కార్తెకు చేపమందు వేయించామని డాక్టరు రాసిన మందు ఆపినవాళ్ళున్నారు. ఇన్‌హేలర్ అలవాటైపోతుందనే భయం మరొకటి. అయ్యా, అమ్మా, ఇన్‌హేలర్‌లో ఉండే సాల్బుటమాల్ అనే మందు ఒక పఫ్‌లో 100 మైక్రోగ్రాములే. అదే మందు మాత్రగా వేస్తే 2 మిల్లీగ్రాములు, అంటే ఇరవై రెట్లు. పఫ్ నేరుగా ఊపిరితిత్తుల్లోకి వెళుతుంది కాబట్టే అంత తక్కువ సరిపోతుంది. కళ్ళజోడు పెట్టుకున్న పిల్లను మనం దాచడం లేదు, ఇన్‌హేలర్ ఉన్న పిల్లను ఎందుకు దాచాలి? మందు సంచిలో ఉంటే ఆ బిడ్డ ఖోఖో ఆడుతుంది, పరుగు పందెంలో గెలుస్తుంది. దాచిపెడితే గట్టు మీద కూర్చుంటుంది.

ఇంటి గాలి మాటా చెప్పాలి. తలుపులన్నీ మూసి రాత్రంతా దోమల కాయిల్ వెలిగిస్తున్నారని పిల్లలే చెబుతున్నారు. ఒక కాయిల్ కాలితే వెలువడే సన్నటి ధూళి కనీసం 75 సిగరెట్లకు సమానమని 2003లో ఒక పరిశోధనలో తేలింది. దోమతెర కట్టండి. మిర్చి కోతల రోజులివి, కల్లంలో కాయలు ఏరే చోటికి పిల్లల్ని తీసుకెళ్ళకుండా ఉండలేరా? బడి వెనక పొలంలో చెత్త తగలబెట్టేవారిని కూడా ఎంతో మర్యాదగా అడుగుతున్నాను, కనీసం ప్రార్థన వేళ మానండి. గురువారం పొగమంచులో ఆ పొగ మైదానమంతా కమ్మింది.

సోమవారం ప్రతి బిడ్డ చేతికీ ఆరోగ్య వివరాల ఫారం వస్తుంది. ఉబ్బసం ఉంటే ఉందని రాయండి. డాక్టరు చీటీ జిరాక్సు, పేరు రాసిన ఇన్‌హేలర్, దానికి తగిలించే గొట్టం (స్పేసర్) ఒక్కో జత క్లాసు టీచరుకు ఇవ్వండి, ఇంకో జత బిడ్డ సంచిలో ఉండాలి. శనివారం మూడు గంటలకు సైన్సు టీచరూ, ఆ ముగ్గురు పిల్లలూ కలిసి ఊపిరి లెక్కపెట్టడం మీకు చూపిస్తారు. నాయనమ్మల్నీ, అమ్మమ్మల్నీ కూడా తీసుకురండి.

ప్రధానోపాధ్యాయురాలు