సొసైటీ అప్పు, మామ తిప్పలు

హైదరాబాద్

ఒరే శ్రీనూ,

ఎట్లున్నవ్‌రా? పిల్లలు మంచిగున్నరా? "రుణమాఫీ అయిపోయింది గదా, ఇంక మీ మామకు ఏం తిప్పల" అని మొన్న ఫోన్ల అడిగినవ్. ఫోన్ల ఒడిసే ముచ్చట కాదు, అందుకే రాస్తున్న.

మామ ఇప్పుడు మా ఇంట్లనే ఉన్నడు. మంగళవారం పొద్దుగాల్నే బేగంపేట ప్రజాభవన్‌కు, సర్కారుకు అర్జీలు ఇచ్చుకునే ప్రజావాణికి తోల్కపోయిన. చేతిల ప్లాస్టిక్ కవరు, అండ్ల పట్టాదార్ పాస్‌బుక్, ఆధార్, రేషన్ కార్డు జిరాక్సులు, సొసైటీల, అంటే రైతులకు పంట అప్పులిచ్చే ఊరి సహకార సంఘంల, పైసలు కట్టిన రశీదు. ఆ రశీదును ఎన్నిసార్లు మడత పెట్టిండో, అంకెల మీదనే చినిగింది. దాన్ని టేపు ఏసి అతికిచ్చిన.

సంగతి ఏందంటే, 2018 డిసెంబర్ 12 నుంచి 2023 డిసెంబర్ 9 దాకా తీసుకున్న పంట రుణాలకు కుటుంబానికి రెండు లక్షల దాకా తెలంగాణ సర్కారు మాఫీ అన్నది. మామ పేరు మీద సొసైటీల మిత్తితోని లక్షా అరవై వేలు, అత్తమ్మ పేరు మీద వేరే బ్యాంకుల డెబ్బై వేలు. కలిపితే 2,30,000. పైన ఉన్న ముప్పై వేలు ముందుగాల కట్టాలె, అప్పుడే రెండు లక్షలు పడుతయన్నరు. చేతిల పైసలు ఎక్కడివిరా? నూటికి మూడు రూపాయల మిత్తికి తెచ్చి కట్టిండు. అంటే ఏడాదికి 36 శాతం! సొసైటీ అప్పు టైముకు కట్టెటోనికి పడేది 4 శాతమే. అది తీరాలంటే ఇది చెయ్యాల్సొచ్చింది. నాకైతే కడుపు రగిలిపోయింది.

కట్టినంక కూడా జాబితాల పేరు రాలే. ఆధార్ల ఇంటిపేరు ఒక తీరు, పాస్‌బుక్ల ఇంకో తీరు ఉందన్నరు. సరి చేపిచ్చిండు. వ్యవసాయ విస్తరణ అధికారి (ఏఈఓ) వచ్చి కుటుంబం వివరాలు రాస్కొని పోయిండు. సొసైటీల అడిగితే పైనుంచి రావాలంటరు, పైన అడిగితే కిందినుంచి కాయితం రాలేదంటరు.

సర్కారు లెక్కల్ల నాలుగు విడతల్ల 25 లక్షల మందికి పైగా రైతులకు 20 వేల కోట్లకు పైనే మాఫీ అయింది. అది చిన్న పని కాదు, మా ఊర్లె శానా ఇండ్లల్ల సంబురం చూసిన. మిగిలిపోయినోళ్ల మాట ఎవరు ఇంటరన్నదే నా బాధ. మామకు 2008 కేంద్రం మాఫీ అప్పుడు గూడ గిట్లనే అయింది. ఐదెకరాల లోపు చిన్న రైతులకు మొత్తం పోయింది. మామకు ఐదున్నర. 75 శాతం కడితేనే మిగిలిన 25 శాతం పోతదన్నరు. అప్పుడు అర్ధెకరం, ఇప్పుడు ముప్పై వేలు.

ఇంకో సంగతి పట్నంల ఎవరికీ తెల్వదు. సొసైటీకి పైసలు జిల్లా సహకార బ్యాంకు ఇస్తది, దానికి మన ట్రూప్‌బజార్ల ఉన్న రాష్ట్ర సహకార అపెక్స్ బ్యాంకు ఇస్తది, దాని ఎనక దేశం మొత్తానికి వ్యవసాయ బ్యాంకు అయిన నాబార్డు. రైతు మాఫీ వస్తదని ఆగితే బాకీ గడువు దాటుతది, మిత్తి పెరుగుతది, కొత్త అప్పు పుట్టది. సొసైటీ వసూలు పడిపోతే టైముకు కట్టిన పక్కోనికి గూడ అప్పు దొరుకుడు కష్టమైతది. అందుకే మాఫీ జేస్తే తొందరగ, ఒక్కపారే జెయ్యాలె. ఏండ్లకు ఏండ్లు సాగదీస్తే మాఫీ ఆశనే రైతును షావుకారి కాడికి నూకుతది. కౌలు రైతు గోస ఇంకా అన్యాయం. చెమట ఆయనది, పాస్‌బుక్ పట్టాదారుది, అప్పు పట్టాదారు పేరు మీద, మాఫీ గూడ ఆయనకే.

మీ బాపుకు మాఫీ అయిందన్నవ్ గదా. మెసేజ్ వచ్చిందని ఊకోకుండ్రి. సొసైటీకి పోయి ఖాతాల బాకీ సున్నా అయిందా చూసుకొని, బాకీ లేదని కాయితం రాపిచ్చుకోమను. ఎంబడే కొత్త పంట రుణానికి గూడ పెట్టుకోమను.

అర్జీకి నంబరు ఇచ్చిన్రు. మామ ఊరికి పోతనంటుండు, నేనే ఆపిన. శుక్రవారం మళ్ల పోయి అడుగుతం. ఏమన్నరో రాస్త.

నీ
రమేష్