లోకాంతం సంగతి అడిగావుగా, రాంబాబూ

నరసాపురం,
ఆదివారం రాత్రి.

ఒరేయ్ రాంబాబూ,

నీ ఉత్తరం చేరింది. ఫోన్ చేసి నాలుగు ముక్కలు చెప్పేద్దామనుకున్నాను గానీ, నువ్వడిగింది ఫోన్లో తేలే సంగతి కాదు. "మీవాళ్ళు ఎప్పుడూ రాకడ దగ్గరపడింది, లోకం అయిపోతోంది అంటారు కదరా, నిజంగా నమ్ముతారా? నమ్మితే ఇరవయ్యేళ్ళ హోమ్‌లోన్ ఎలా తీసుకుంటారు?" అని రాశావు. మా ఆవిడకి చదివి వినిపిస్తే పడీ పడీ నవ్వింది. తర్వాత "అడిగిందాంట్లో తప్పేముంది" అంది.

నమ్ముతాం రా. ముందు ఆ మాట చెప్పేస్తున్నా. క్రీస్తు మళ్ళీ వస్తాడని, బతికున్నవాళ్ళకీ చనిపోయినవాళ్ళకీ తీర్పు తీరుస్తాడని గుళ్ళో అందరం నిలబడి ఒప్పుకుంటాం. ఇంటికొచ్చి కోడికూర తిని పడుకుంటాం. తెలుగు క్రైస్తవుల్లో నూటికి తొంభైమంది నమ్మకం ఈ తీరుదే. మిగతా పదిమంది దగ్గర మైకు ఉంటుంది, అందుకే నీకు వాళ్ళే వినపడతారు.

మీ అమ్మాయి చూసి భయపడ్డ వీడియో నాకూ వచ్చింది. దక్షిణాఫ్రికాలో ఒకాయన, ప్రభువు తనకి కనపడి 2025 సెప్టెంబరు 23, 24 తేదీల్లో సంఘం ఎత్తబడుతుందని చెప్పాడన్నాడు. అంతే, ప్రపంచమంతా పాకింది. ఎత్తబడడం అంటే ఏంటో నీకు తెలీదు కదా. కడబూర మోగగానే విశ్వాసులు మేఘాల మీదికి వెళ్ళిపోతారు, మిగిలినవాళ్ళు ఏడేళ్ళ శ్రమల కాలంలో క్రీస్తు విరోధి చేతికి చిక్కుతారు అని బోధ. మేఘాల మాట థెస్సలొనీకయులకు పౌలు రాసిన మొదటి పత్రికలో ఉంది. కానీ ముందు ఎత్తబడడం, తర్వాత ఏడేళ్ళు, ఆ తర్వాత వెయ్యేళ్ళ పాలన అని వరస పెట్టి, దాన్ని ఊరూరా చెప్పినవాడు జాన్ నెల్సన్ డార్బీ అనే ఆయన. అది 1830ల నాటి మాట. 1909లో అచ్చయిన స్కోఫీల్డ్ బైబిల్లో అడుగున వేసిన వివరణలతో అమెరికాలో అది ఇంటింటికీ చేరింది. మా ఊరికీ దానికీ దూరపు చుట్టరికం ఉంది చూడు. డార్బీ ఉన్న బ్రదరన్ అనే క్రైస్తవ కూటమి నుంచే బౌడెన్, బీర్ అనే ఇద్దరు 1836లో ఇండియాకి బయల్దేరి, చివరికి మన గోదావరి డెల్టాలో పాతుకుపోయారు. నరసాపురం, పాలకొల్లు వైపు మిషన్ వాళ్ళదే.

చిన్నప్పుడు కన్వెన్షన్ పందిట్లో ఓ పెద్ద గుడ్డ కట్టేవాళ్ళు. ఎడమ చివర ఏదెను తోట, కుడి చివర బంగారు పట్టణం, మధ్యలో మృగం. ప్రసంగం గంటన్నర సాగినా నేను కదిలేవాణ్ణి కాదు, ఆ మృగాన్నే చూస్తూ కూర్చునేవాణ్ణి. ఏడు తలలు, పది కొమ్ములు అని బైబిల్ చివరి పుస్తకం, ప్రకటన గ్రంథంలో ఉంది కదా, వాటిని ఎలా పంచాలో ఆ పెయింటరుకి తోచినట్టు లేదు. మూడు తలలకి రెండేసి, నాలుగు తలలకి ఒక్కొక్కటి వేసి లెక్క సరిచేశాడు. ఒంటికొమ్ము తలలు పాపం కాస్త దిగాలుగా ఉండేవి.

ఆ మృగం మనుషుల మీద వేయించే ముద్రలోని సంఖ్యే 666. నాకు ఊహ తెలిసినప్పట్నించీ ఆ ముద్ర చేతులు మారుతూనే ఉంది. మొదట బార్‌కోడ్ అన్నారు, తర్వాత ఆధార్ అన్నారు, కరోనా వచ్చాక టీకాలో చిప్పు అన్నారు. అసలు లెక్క ఇంకా సరదాగా ఉంటుంది. హీబ్రూలో అక్షరాలకే అంకెల విలువ ఉంటుంది. రోము చక్రవర్తి 'నీరో కైసరు' పేరుని ఆ అక్షరాల్లో రాసి కూడితే 666 వస్తుంది. కొన్ని పాత ప్రతుల్లో 616 అని ఉంది. నీరో పేరుని లాటిన్ పద్ధతిలో చివరి నకారం లేకుండా రాస్తే వచ్చేది సరిగ్గా 616! పండితులంతా ఒప్పుకుంటారని కాదు గానీ, చాలామంది మొగ్గేది ఇటే. బయటికి అంటే ప్రాణం పోయే పేరుని తమవాళ్ళకి మాత్రం తెలిసేలా చెప్పారన్నమాట. యోహాను ఆ దర్శనాలు రాసింది పత్మాసు దీవిలో ఉండగా. ఎఫెసు, స్ముర్న లాంటి ఏడు ఊళ్ళలోని చిన్న చిన్న సంఘాలకి పంపాడు. చక్రవర్తికి ధూపం వెయ్యమంటే వెయ్యనన్నవాళ్ళకి ధైర్యం చెప్పే పుస్తకం అది. దాన్ని పంచాంగంలా తిప్పి తేదీలు తీస్తుంటే ఒళ్ళు మండుతుంది రా.

వీలైతే 18వ అధ్యాయం ఒక్కటి చదువు. నువ్వు కిరాణా హోల్‌సేలు చేసినవాడివి, నీకు నచ్చుతుంది. మహానగరం, అంటే పేరు మార్చి చెప్పిన రోము, కూలిపోతే వర్తకులు దూరంగా నిలబడి, మా సరుకు ఇక ఎవరు కొంటారని ఏడుస్తుంటారు. సరుకుల పట్టీ మొత్తం అక్కడే ఉంది. బంగారం, వెండి, ముత్యాలు, పట్టు, దంతపు సామాను, దాల్చినచెక్క, సాంబ్రాణి, నూనె, గోధుమలు, పశువులు, గుర్రాలు, రథాలు. అన్నీ అయ్యాక పట్టీ చివర దాసులు, మనుషుల ప్రాణాలు. ముత్యాలైతే మన దక్షిణాది రేవుల నుంచీ రోముకి వెళ్ళేవి.

మా పేటలో పొద్దున్నే నాట్లకి పోయి, సాయంత్రం కూడికకి వచ్చే ఆడవాళ్ళు ఈ అధ్యాయం వింటున్నప్పుడు నేను వాళ్ళ మొహాలు చూశాను. భయం ఏమీ లేదు. తరాల తరబడి వాళ్ళ కష్టాన్ని తక్కువ తూకం తూచినవాళ్ళని ఎవరో ఒకరు ఒకరోజు నిలదీస్తారంటే వాళ్ళకెందుకు టెన్షన్? టెన్షన్ పడాల్సింది నాలాంటి జీతగాడు, నీలాంటి షావుకారు.

అయినా మీవాళ్ళేమన్నా తక్కువ తిన్నారా? 2024 సెప్టెంబరులో ప్రకాశం బ్యారేజీకి 11 లక్షల క్యూసెక్కులు దాటి వరద వచ్చినప్పుడు, కృష్ణమ్మ దుర్గమ్మ ముక్కుపుడకని తాకుతుందన్న మాట గుర్తుచేసుకోనివాడు బెజవాడలో ఉన్నాడా! యాగంటి బసవన్న పెరుగుతున్నాడని, కలియుగాంతాన లేచి రంకె వేస్తాడని చెప్పింది నువ్వే, అదీ గుడి ముందు నిలబెట్టి మరీ. బనగానపల్లెలో అచ్చమ్మ గారి పశువులు కాసిన వీరబ్రహ్మం గారు కాలజ్ఞానం తాటాకుల మీద రాశారంటారు. దాంట్లోనూ చివరికి వీరభోగ వసంతరాయలు వచ్చి అధర్మపరుల పని పట్టాల్సిందే. పశువుల కాపరికీ, దీవిలో ఒంటరిగా ఉన్నవాడికీ ఒకే కోరిక పుట్టడం నాకేమీ వింత కాదు. తేడా అల్లా మీకు తొందర లేదు. కలియుగం 4,32,000 ఏళ్ళు, అయింది అయిదు వేల చిల్లర. మాకు మాత్రం ఈ రాత్రే కావచ్చు.

తొందర లేకపోయినా 1962 ఫిబ్రవరిలో మకరంలో ఎనిమిది గ్రహాలు కలిస్తే దేశమంతా హోమాలు చేసింది. 1979లో అమెరికా అంతరిక్ష కేంద్రం స్కైలాబ్ కూలి మీద పడుతుందన్నప్పుడైతే మతం తేడా లేదు, ఊళ్ళకి ఊళ్ళే కోళ్ళూ మేకలూ కోసుకు తిన్నాయి. నాన్న చెప్పేవాడు, ఎలాగూ పోతాం కదా అని పిల్లలంతా కొత్తావకాయ జాడీ మీద పడితే నాయనమ్మ వాసెన గట్టిగా బిగించి "క్రిస్మస్‌కి ఏం తింటార్రా" అని తరిమిందట. ఆవిడ రోజూ తెల్లవారుజామున రాకడ కోసం ప్రార్థన చేసే మనిషి. స్కైలాబ్ ముక్కలు జులై 11న హిందూ మహాసముద్రంలోనూ పశ్చిమ ఆస్ట్రేలియాలోనూ పడ్డాయి. అక్కడి ఎస్పెరెన్స్ అనే ఊరివాళ్ళు చెత్త వేసినందుకు నాసాకి 400 డాలర్లు జరిమానా రాశారు!

విలియం మిల్లర్ కథ చెప్పకపోతే ఈ ఉత్తరం పూర్తికాదు. న్యూయార్క్ రాష్ట్రంలో రైతు. దానియేలు గ్రంథంలోని 2300 దినాలని ఏళ్ళుగా తీసుకుని, క్రీస్తుపూర్వం 457 నుంచి లెక్కేసి, క్రీస్తు వచ్చేది 1843-44లో అన్నాడు. చివరికి ఆయన అనుచరులు 1844 అక్టోబరు 22 అని తేల్చారు. వేలమంది రాత్రంతా ఎదురుచూశారు, తెల్లారింది. ఒకాయన ఆ ఏడు బంగాళాదుంపలు తవ్వకుండా చేలోనే వదిలేశాడట. ముందే తవ్వినవాళ్ళ దుంపలకి తెగులొచ్చి కుళ్ళిపోతే, ఈయనవి ఆలస్యంగా తవ్వినందుకు బాగుండి మంచి ధర పలికాయని అడ్వెంటిస్టులు చెప్పుకుంటారు. మిల్లర్ వెనక నడిచి భంగపడ్డవాళ్ళలో కొంతమందే 1863లో సెవెన్త్ డే అడ్వెంటిస్టు సంఘం పెట్టుకున్నారు. ఇప్పటికీ రాకడ దగ్గరే అంటారు, తేదీ మాత్రం చెప్పరు. మన నూజివీడు గిఫర్డ్ ఆస్పత్రి వాళ్ళదే. ఇవాళో రేపో లోకం పోతుందనుకునేవాళ్ళు పునాది తీసి ఆస్పత్రి కట్టారు. నీ హోమ్‌లోన్ ప్రశ్నకి నా దగ్గరున్న జవాబు ఇదే. నా లోన్ పద్దెనిమిదేళ్ళది, దానికి హామీ సంతకం పెట్టింది మా సంఘ పెద్ద.

మీ అమ్మాయి రెండ్రోజులు సరిగ్గా నిద్రపోలేదన్నావు. దానికి నా మాటగా చెప్పు, ఆ దినం, ఆ గడియ పరలోకంలో దూతలకి కూడా తెలియదని, కుమారుడికీ తెలియదని, తండ్రికి మాత్రమే తెలుసని మత్తయి 24:36లో యేసే చెప్పాడు. కుమారుడికే తెలియంది యూట్యూబ్ వాడికి తెలిసిందంటే ఎలా నమ్ముతుంది? అయినా భయం పోకపోతే ఫోన్ చెయ్యమను, ఆ మృగం కొమ్ముల సంగతి చెప్తా. మార్చిలో దానికి పరీక్షలన్నావుగా, లెక్కలు మాత్రం వదలొద్దను.

చెల్లెమ్మని అడిగానని చెప్పు.

నీ
డేవిడ్