సోమ, గురువారాల ఫుట్‌బాల్ ఎందులో వస్తుంది? క్రీడా విభాగం వార్షిక నివేదిక, 2024–25

సభ్యులందరికీ నమస్కారం. విశ్వావసు నామ సంవత్సర ఉగాది శుభాకాంక్షలు.

వేసవి క్రికెట్ టోర్నమెంటు, పిల్లల బ్యాడ్మింటన్, పార్కులో ఆదివారం వాలీబాల్ ఎప్పటిలాగే జరిగాయి. వాటి ఖర్చుల వివరాలు కోశాధికారి గారి లెక్కల్లో చూడవచ్చు. ఈసారి నివేదికలో ఎక్కువ చోటు ఇంకో విషయానికి ఇస్తున్నాం. సెప్టెంబరు నుంచి జనవరి దాకా మా విభాగానికి వచ్చిన ఫోన్లలో, వాట్సాప్ మెసేజుల్లో సగానికి పైగా ఒకటే ప్రశ్న: "ఇవాళ్టి ఆట ఎందులో వస్తుందండీ?"

టెక్సస్‌లో డాలస్ ఉత్తర శివార్లలో ఉండే మనకి అమెరికన్ ఫుట్‌బాల్ ఇంటి పక్క సంగతి. ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో మన డాలస్ జట్టు కౌబాయ్స్. వాళ్ల ప్రధాన కార్యాలయం, ప్రాక్టీసు మైదానం 2016 నుంచి ఫ్రిస్కోలోనే ఉన్నాయి. ఇక్కడే పుట్టి పెరిగిన మన పిల్లలకి ఆట రూల్స్ ఎవరూ నేర్పనక్కర్లేదు. నేర్చుకోవాల్సింది మనమే. అందుకే కిందటేడు సర్వసభ్య సమావేశంలో అడిగినట్టు, వారం మధ్యలో వచ్చే కౌబాయ్స్ ఆటల్ని సంఘం హాల్లో అందరం కలిసి చూసే ఏర్పాటు చేశాం.

మొదటిసారి కూర్చున్నది సెప్టెంబరు 26, గురువారం. న్యూయార్క్ జెయింట్స్ మీద కౌబాయ్స్ 20–15తో గెలిచిన రోజు. కూతురి దగ్గరికి గుంటూరు నుంచి వచ్చిన ఒక రిటైర్డ్ మాస్టారు ముందు వరసలో కూర్చుని, విరామంలో మమ్మల్ని పిలిచి అడిగారు: "ఆదివారం ఒక చానెలు, సోమవారం ఇంకొకటి, గురువారం మూడోది అంటున్నారు. ఆడేది ఒకే లీగ్ కదా బాబూ, అన్నీ ఒకచోట ఎందుకు రావు?" ఆ రోజు మా దగ్గర సరైన జవాబు లేదు. ఈ నివేదిక చాలామటుకు ఆయనకి ఇవ్వాల్సిన జవాబే.

మొదలు 1961లో ఉంది. అంతకు ముందు ఏ జట్టు టీవీ హక్కులు ఆ జట్టే అమ్ముకునేది. పెద్ద నగరాల జట్లకి డబ్బు, గ్రీన్ బే లాంటి చిన్న ఊరి జట్టుకి ఇబ్బంది. అప్పటి లీగ్ కమిషనర్ పీట్ రోజెల్ అందరి హక్కులూ కలిపి ఒకే మూటగా అమ్మి, డబ్బు సమానంగా పంచాలనుకున్నారు. వ్యాపారంలో పోటీని కాపాడే చట్టాల ప్రకారం అది కుదరదని ఫెడరల్ కోర్టు చెప్పింది. దాంతో అమెరికా చట్టసభ కాంగ్రెస్, అలా కలిపి అమ్మడానికి రక్షణ ఇస్తూ ప్రత్యేకంగా ఒక చట్టం చేసింది. 1961 సెప్టెంబరు 30న అధ్యక్షుడు కెనెడీ దాని మీద సంతకం పెట్టారు. హక్కులన్నీ లీగ్ చేతిలోకి వచ్చాక, వాటిని ఎన్ని ముక్కలు చేసి ఎవరెవరికి అమ్మాలన్నది లీగ్ ఇష్టమే అయింది.

అదే చట్టంలో ఇంకో షరతు ఉంది. మన కుటుంబాలకి ఆటకన్నా దగ్గరగా తగిలేది అదే. సెప్టెంబరు రెండో శుక్రవారం నుంచి డిసెంబరు రెండో శనివారం దాకా, శుక్రవారం సాయంత్రం 6 తర్వాత, శనివారం రోజంతా, హైస్కూల్, కాలేజీ ఆటలు జరిగే చోట్లకి 75 మైళ్ల లోపల ప్రొఫెషనల్ ఆటల్ని ప్రసారం చేస్తే చట్టం ఇచ్చిన రక్షణ పోతుంది. దేశంలో హైస్కూల్ ఆట లేని చోటు ఎక్కడుంటుంది? అందుకే ఆ రోజుల్లో లీగ్ శుక్రవారం రాత్రి జోలికి రాదు.

టెక్సస్‌లో శుక్రవారం రాత్రి అంటే ఏమిటో మన తల్లిదండ్రులకి చెప్పనక్కర్లేదు. పక్కనే ఆలెన్‌లో హైస్కూల్ స్టేడియంలో 18,000 సీట్లున్నాయి, కట్టడానికి సుమారు 6 కోట్ల డాలర్లు ఖర్చయింది. మన పిల్లల్లో మైదానంలో దిగి ఆడేవాళ్లు తక్కువే కానీ, మార్చింగ్ బ్యాండ్‌లో ఉన్నవాళ్లు చాలామంది. ఆగస్టు ఎండలో రోజూ ప్రాక్టీసు చేసి, శుక్రవారం విరామంలో మైదానమంతా నడుస్తూ క్లారినెట్, ట్రంపెట్ వాయించే మన పిల్లల్ని చూడ్డానికి స్టాండ్స్‌లో మనమూ, మనతోపాటు చీరల్లో అమ్మమ్మలూ నాయనమ్మలూ కూర్చుంటున్నాం. ఆ రాత్రి టీవీలో కౌబాయ్స్ ఆట లేకపోవడానికి కారణం ఆ పాత చట్టమే. ఈ ఒక్క విషయంలో ఆ చట్టం రాసినవాళ్లకి మనం రుణపడి ఉన్నామని మా విభాగం మనస్ఫూర్తిగా అనుకుంటోంది.

కిందటి సీజన్లో రెండు శుక్రవారాల్లో ఆట ఉంది కదా అని కొందరు అడిగారు. సెప్టెంబరు 6న బ్రెజిల్‌లోని సావో పౌలోలో ప్యాకర్స్, ఈగల్స్ జట్లు ఆడినప్పటికి ఇంకా రెండో శుక్రవారం రాలేదు. నవంబరు నాలుగో గురువారం వచ్చే థాంక్స్‌గివింగ్ పండగ మర్నాటి ఆటని మధ్యాహ్నమే, సాయంత్రం 6 కాకముందే మొదలుపెట్టారు. షరతు రెండుసార్లూ తప్పలేదు. మొదటిది పీకాక్ అనే స్ట్రీమింగ్ సర్వీసులో, రెండోది అమెజాన్ ప్రైమ్‌లో వచ్చాయి.

శుక్ర, శనివారాలు అలా పక్కకి పోయాయి కాబట్టి ఆదివారం కాక లీగ్‌కి మిగిలింది సోమవారం, ఆ తర్వాత గురువారం.

సోమవారం ఆటని రోజెల్ పెద్ద చానెళ్ల ముందు పెట్టినప్పుడు సీబీఎస్, ఎన్‌బీసీ తమ సాయంత్రం కార్యక్రమాల్ని కదిలించడానికి ఇష్టపడలేదు. అప్పట్లో మూడో స్థానంలో ఉన్న ఏబీసీ తీసుకుంది. 1970 సెప్టెంబరు 21న క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ 31–21తో న్యూయార్క్ జెట్స్‌ని ఓడించిన ఆటతో అది మొదలైంది. ఆ మొదటి సీజన్ వ్యాఖ్యాతల్లో ఒకరు డాన్ మెరెడిత్, మన కౌబాయ్స్ మాజీ క్వార్టర్‌బ్యాక్, అంటే బంతి అందుకుని ఆట నడిపించే ఆటగాడు. 2005 సీజన్ దాకా సోమవారం ఆట ఉచితంగా ఏబీసీలోనే వచ్చింది. 2006లో కేబుల్ స్పోర్ట్స్ చానెల్ ఈఎస్‌పీఎన్‌కి మారింది. అంటే కేబుల్‌కో, ఇప్పుడైతే స్ట్రీమింగ్ సర్వీసుకో డబ్బు కట్టాలి. ఈ మధ్య కొన్ని సోమవారాలు ఏబీసీలో కూడా వేస్తున్నారు. ఏ సోమవారం వేస్తారో సీజన్ ముందే చూసుకుంటే మేలు.

గురువారం కథ ఇంకా చిక్కు. 2006లో లీగ్ తన సొంత చానెల్‌లో థాంక్స్‌గివింగ్ రాత్రి నుంచి కొన్ని ఆటలతో మొదలుపెట్టి, 2012కి దాదాపు సీజనంతా పెంచింది. 2014లో సీబీఎస్, 2016లో ఎన్‌బీసీ, 2018లో ఫాక్స్ వాటాలు తీసుకున్నాయి. 2022 నుంచి గురువారం రాత్రి మొత్తం అమెజాన్ ప్రైమ్‌కి వెళ్లింది. ఒక సీజన్ ప్యాకేజీ మొత్తాన్ని స్ట్రీమింగ్ కంపెనీకే ఇవ్వడం లీగ్ చరిత్రలో అదే మొదటిసారి. అయినా గురువారాలన్నీ అందులో రావు. సీజన్ ఆరంభపు గురువారం ఎన్‌బీసీది. థాంక్స్‌గివింగ్ నాటి మూడు ఆటలు సీబీఎస్, ఫాక్స్, ఎన్‌బీసీ పంచుకుంటాయి. నవంబరు 28న పండగ భోజనాలయ్యాక మనం చూసిన కౌబాయ్స్, జెయింట్స్ ఆట ఫాక్స్‌లో వచ్చింది అందుకే.

డబ్బు సంగతి కూడా చెప్పాలి. 2021 మార్చిలో లీగ్ కుదుర్చుకున్న ఒప్పందాలు 2033 సీజన్ దాకా నడుస్తాయి. అన్నీ కలిపి 10,000 కోట్ల డాలర్లు దాటతాయి. అందులో ఈఎస్‌పీఎన్ ఏడాదికి సుమారు 270 కోట్ల డాలర్లు, అమెజాన్ గురువారాలకి సుమారు 100 కోట్ల డాలర్లు ఇస్తున్నాయని వార్తలు. ఐపీఎల్ 2023–27 హక్కులు 48,390 కోట్ల రూపాయలకి పోయినప్పుడు మనమందరం నోరెళ్లబెట్టాం. అక్కడ టీవీ ఒకరికి, ఫోన్ ఇంకొకరికి అమ్మారు. ఇక్కడ వారంలో రోజుల్నే విడదీసి అమ్ముతున్నారు. అమెరికా బయట చాలా దేశాల్లో దాదాపు అన్ని ఆటలూ ఒకే సబ్‌స్క్రిప్షన్‌తో చూడొచ్చు. ఆట పుట్టిన దేశంలో ఉండే కుటుంబానికి మూడు నాలుగు కావాలి. ఇది సబబు కాదని మా అభిప్రాయం, రాతపూర్వకంగానే చెబుతున్నాం.

మన సభ్యుల్లో ఒకరు వాళ్ల నాన్నగారి కోసం ఆదివారం ఆటల ప్యాకేజీ ఏడాది మొత్తానికి కొన్నారు. ఆయనకి ఇష్టమైనవేమో సోమవారం ఆటలు. అది కేవలం ఆదివారం మధ్యాహ్నం మన ఊళ్లో రాని ఆటలకే అని తెలిసేసరికి డబ్బు కట్టేశారు. ఇలాంటివి ఇంకెవరికీ జరగకూడదనే ఇదంతా ఇంత వివరంగా రాస్తున్నాం.

హాల్లో మనం నేర్చుకున్నది

ఇప్పుడు మంచి మాట. ఆట ఈఎస్‌పీఎన్‌ది అయినా, ప్రైమ్‌ది అయినా, ఆడుతున్న జట్ల సొంత ఊళ్లలో మాత్రం దాన్ని మామూలు లోకల్ చానెల్‌లో ఉచితంగా వేయాలన్నది లీగ్ పాటిస్తున్న పద్ధతి. అంటే డాలస్ చుట్టుపక్కల ఉండే మనకి వారం మధ్యలో వచ్చే కౌబాయ్స్ ఆటకి ఏ సబ్‌స్క్రిప్షనూ అక్కర్లేదు, ఒక యాంటెన్నా చాలు. ఈ సంగతి మనలో చాలామందికి తెలియదు. మా విభాగంలో కూడా సీజన్ ముందు ఇద్దరికే తెలుసు.

హాల్లో చూపించడానికి మాకు యాంటెన్నా ఇంకో కారణంతో కూడా అవసరమైంది. ఇంట్లో వాడుకునే స్ట్రీమింగ్ ఖాతాలు సొంత వాడకానికే, పదిమందిని పిలిచి హాల్లో వేయడానికి కాదని వాటి నిబంధనల్లోనే ఉంది. గాలిలో వచ్చే మామూలు ప్రసారాన్ని ఇంట్లో వాడే లాంటి ఒక్క టీవీ మీద, ప్రవేశానికి డబ్బు తీసుకోకుండా చూపడానికి కాపీరైట్ చట్టంలో వెసులుబాటు ఉంది. అందుకే టికెట్ పెట్టలేదు, ప్రొజెక్టరూ పెట్టలేదు. పెద్ద తెర కావాలని అడిగిన కుర్రాళ్లు దయచేసి అర్థం చేసుకోవాలి. టీ, పకోడీ కూడా అమ్మలేదు. సభ్యులు ఇళ్ల నుంచి తెచ్చి పంచారు, వాళ్లకి మా కృతజ్ఞతలు.

నవంబరు 18న హ్యూస్టన్ టెక్సన్స్‌తో ఆట రోజు బొమ్మ మాటిమాటికీ ఆగిపోయింది. అందరం టెన్షన్ పడ్డాం. తప్పు మాదే, యాంటెన్నాని ఉత్తరం వైపు కిటికీకి తగిలించాం. ఇక్కడి టీవీ టవర్లన్నీ డాలస్‌కి దక్షిణాన సీడార్ హిల్‌లో ఉన్నాయి, మనకి దాదాపు 40 మైళ్లు. దక్షిణం కిటికీ దగ్గరికి మార్చి, చానెళ్లు మళ్లీ స్కాన్ చేశాక బొమ్మ అద్దంలా వచ్చింది. ఆట మాత్రం 34–10తో పోయింది. ఇళ్లల్లో పెట్టుకునేవాళ్లు ముందు దిక్కు చూసుకోండి, తర్వాత ధర చూసుకోండి.

డిసెంబరు 9 సోమవారం హాలు బాగా నిండింది. సిన్సినాటి బెంగాల్స్‌తో ఆట 20–20 దగ్గర ఉండగా, చివరి నిమిషాల్లో వాళ్లు బంతిని మనవైపు దూరంగా తన్నబోతే (దీన్నే పంట్ అంటారు) మనవాళ్లు అడ్డుకున్నారు. హాలంతా లేచి నిలబడింది. అంతలో ఆ బంతిని మనవాళ్లే తాకి వదిలేయడంతో అది మళ్లీ బెంగాల్స్ చేతికి పోయింది. వెంటనే వాళ్ల జమార్ చేజ్ బంతిని గీత దాటించి టచ్‌డౌన్ చేశాడు, 27–20. గుంటూరు మాస్టారు అప్పటికి ఆట బాగా పట్టేశారు, "ముట్టుకోకుండా వదిలేస్తే బంతి మనదే కదయ్యా!" అని తల పట్టుకున్నారు. అదే సమయంలో ఒక పిల్లాడు విజయవాడలో తాతయ్యకి వీడియో కాల్ చేసి టీవీ వైపు ఫోన్ తిప్పి చూపిస్తున్నాడు. అక్కడ మంగళవారం పొద్దున, ఆయన చేతిలో కాఫీ గ్లాసు. ఆ రాత్రి ఓడిపోయినా, ఏడాది మొత్తంలో మా విభాగానికి గుర్తుండిపోయే సాయంత్రం అదే.

క్రిస్మస్ బుధవారం వచ్చింది. ఆ రోజు రెండు ఆటలూ నెట్‌ఫ్లిక్స్‌కి అమ్మారు. హ్యూస్టన్‌లో బాల్టిమోర్ రేవెన్స్ 31–2తో టెక్సన్స్‌ని ఓడించారు, విరామంలో బియాన్సే పాడింది. హ్యూస్టన్‌లో ఉన్న మన బంధువులకి అది లోకల్ చానెల్‌లో వచ్చింది, డాలస్‌లో మనకి రాలేదు. హాలు పెట్టలేదు, ఎవరిళ్లల్లో వాళ్లే చూశారు. 2025, 2026 క్రిస్మస్‌లకి కూడా నెట్‌ఫ్లిక్స్‌కి కనీసం ఒక్కో ఆట ఉంది, 2025లో పండగ గురువారం.

వచ్చే సీజన్‌కి

లీగ్ కొత్త షెడ్యూలు మే నెలలో వస్తుంది. వచ్చిన వారంలోనే సోమ, గురువారాల కౌబాయ్స్ ఆటలు, ఏ చానెల్, మన టైమ్ ఎంత, యాంటెన్నాతో వస్తుందా రాదా అన్నీ ఒక్క పేజీలో తెలుగులో రాసి అందరికీ పంపుతాం. బ్యాండ్ పోటీలున్న రోజులతో సరిచూసి హాలు తేదీలు పెట్టమని తల్లిదండ్రులు అడిగారు, అలాగే చేస్తాం. పెద్దవాళ్లు మాత్రమే ఇంట్లో ఉండే కుటుంబాలకి యాంటెన్నా బిగించి, రిమోట్‌లో చానెల్ నంబరు పెద్ద అక్షరాల్లో రాసి అంటించడానికి ఆరుగురు హైస్కూల్ పిల్లలు ముందుకొచ్చారు. ఈ సాయం కావాల్సినవాళ్లు జూలై లోపు పేరు ఇవ్వండి.

సంఘం యాంటెన్నా, పొడుగు కేబులు ప్రస్తుతం కార్యదర్శి ఇంటి గరాజ్‌లో ఉన్నాయి. హాలు తాళాలు ఎవరి దగ్గరుంటాయో, సోమవారం రాత్రి 11 దాకా ఉండి సర్దే బాధ్యత ఎవరు తీసుకుంటారో ఈ సమావేశంలోనే తేల్చాలని కోరుతున్నాం.

ఇట్లు,
క్రీడా విభాగం తరఫున కన్వీనర్