వడ్డన వంతు గురించి తల్లిదండ్రులతో నాలుగు మాటలు

తల్లిదండ్రులందరికీ నమస్కారం.

మధ్యాహ్న భోజనం దగ్గర మన పిల్లలు వడ్డిస్తున్న ఫొటో ఒకటి గత వారం వాట్సాప్ గ్రూపుల్లో తిరిగింది. "చదువుకోమని పంపితే పనులు చేయిస్తున్నారు" అని కింద ఎవరో రాశారు. మర్నాడు ప్రేయర్ బెల్లు కొట్టకముందే ఆరుగురు పేరెంట్స్ ఆఫీసు రూములో కూర్చున్నారు. రానివాళ్లు కూడా ఇంటి దగ్గర ఇదే మాట్లాడుకుంటున్నారని తెలిసింది. అందుకే ఈ నెల ముందుగా ఈ సంగతే రాస్తున్నాను.

జరిగింది ఇదీ. వండే ముగ్గురు ఆయమ్మల్లో ఒకరి ఇంట్లో పెద్దాయన పోయారు. ఇంకొకరు ఆమెకు తోడు వెళ్లారు. మిగిలిన ఆయమ్మ ఒక్కరే ఎలాగో వంట కానిచ్చారు. కానీ అంతమందికి వడ్డించడం ఆమె వల్ల అయ్యే పని కాదు. టీచర్లం గరిటెలు పట్టుకున్నాం. అది చూసి తొమ్మిదో తరగతి పిల్లలు వాళ్లంతట వాళ్లే వచ్చి "మేం కూడా వేస్తాం మేడమ్" అన్నారు. పొయ్యి దగ్గరికి గానీ, వేడి సాంబారు గిన్నె దగ్గరికి గానీ ఎవ్వరినీ వెళ్లనివ్వలేదు. అన్నం, గుడ్లు, మంచినీళ్లు, అంతే. ఆ వారమంతా చూశాక, వంతులు వేసి దీన్ని కొనసాగించాలనిపించింది. మీకు ముందే ఒక చీటీ పంపాల్సింది, పంపలేదు. అది నా తప్పే.

మిగతా మాటల దగ్గర మాత్రం మీతో ఏకీభవించలేను. "మావాడు ఇంట్లో తిన్న కంచం కూడా తీయడు మేడమ్, వాడి చేత వడ్డన చేయిస్తారా?" అన్నారు ఒక నాన్నగారు. బాబు మీద మీకున్న ప్రేమ అర్థమైంది. పద్నాలుగేళ్ల పిల్లాడు కంచం అక్కడే వదిలేసి ఫోన్ పట్టుకుని లేచిపోతే, దాన్ని ఎవరు తీస్తున్నారో ఒక్క పూట గమనించమని నా మనవి. ఆడపిల్లలైతే సరే, మగపిల్లల చేత ఏమిటని ఇద్దరు అడిగారు. వంతులు హాజరుపట్టీ వరుసలో వేశాం. అందులో ఆడా మగా లేదు, ఏ వీధి పిల్లలన్నదీ లేదు. ఇక్కడే చదువుతున్న మా టీచర్ల పిల్లల పేర్లు కూడా అదే వరుసలో ఉన్నాయి. ఎవరి చేత్తో ఎవరు తినాలన్న మాట కూడా ఒకటి నా చెవిన పడింది. ఆ మాట ఈ బడి గేటు లోపల ఇంకోసారి వినపడటానికి వీల్లేదు.

రెండో రోజు జరిగింది మీకు చెప్పాలి. గుడ్ల గిన్నె దగ్గర నిలబడ్డ అబ్బాయి ముందు వరుసలో తన స్నేహితులు కన్ను గీటితే నలుగురికి రెండేసి వేశాడు. చివరి వరుసకు వచ్చేసరికి గిన్నె ఖాళీ. ఆరో తరగతి చిన్నపిల్లలు నలుగురు కంచాలు చాపుకుని కూర్చున్నారు. ఒక్కళ్లూ నోరెత్తి అడగలేదు, అలా చూస్తూ ఉన్నారంతే. ఆ అబ్బాయి గరిటె పక్కన పెట్టి, తన వాటా గుడ్డు తెచ్చి ఒకరికి వేశాడు. ఇంకా మూడు తక్కువ. వాడు గోడవైపు తిరిగి ఏడ్చేశాడు. నేను వాణ్ని ఒక్క మాట అనలేదు. మర్నాడు వాడే ముందు గుడ్లు లెక్కపెట్టి, తర్వాత పిల్లల్ని లెక్కపెట్టి, చివరి వరుస నుంచి వడ్డన మొదలుపెట్టాడు. ఇరవై ఆరేళ్లుగా పాఠాలు చెబుతున్నాను. పంపకంలో న్యాయం అంటే ఏమిటో నేను ఏ పాఠంలోనూ అంత బాగా చెప్పలేకపోయాను.

ఇంకో అమ్మాయి గురించి కూడా రాయకుండా ఉండలేను. అన్నం వేసేటప్పుడు అందరిలా నిలబడి వేయదు. వంగి, కంచం దాకా గరిటె తెచ్చి, "చాలా? ఇంకొంచెం వేయనా?" అని ఒక్కొక్కరినీ అడుగుతుంది. ఎక్కడ నేర్చుకున్నావని అడిగాను. 2022 జూలైలో గోదావరి లంకల్ని ముంచినప్పుడు వాళ్ల కుటుంబం పునరావాస కేంద్రంలో ఉందట. అప్పుడు ఐదో తరగతికి వచ్చింది. "అక్కడ ఒకాయన విసుక్కుంటూ వేసేవారు మేడమ్, ఆకలిగా ఉన్నా రెండోసారి అడగబుద్ధయ్యేది కాదు. ఇంకో అక్క అడిగి మరీ వేసేది" అంది. పెట్టే చెయ్యి ఎలా ఉండాలో ఆ పిల్లకు తెలిసినంత నాకు తెలియదు.

మన భోజన పథకానికి 2024లో డొక్కా సీతమ్మ గారి పేరు పెట్టారు. పి.గన్నవరం దగ్గర గోదావరి పాయ వైనతేయ మీద అక్విడక్టు (కాలువను నది మీదుగా దాటించే వంతెన) దాటిన ప్రతిసారీ ఆవిడ పేరు చూస్తూనే ఉన్నాం. 1841లో మండపేటలో పుట్టారు. అడిగినవాళ్లందరికీ బువ్వ పెట్టేవారని వాళ్ల నాన్నగారిని ఊళ్లో బువ్వన్న అని పిలిచేవారట. ఆవిడ లంకల గన్నవరం కోడలిగా వచ్చి 1909లో కన్నుమూసే దాకా వేళ కాని వేళ గుమ్మం ముందుకొచ్చిన ఎవరినీ కులం అడక్కుండా అన్నం పెట్టారు. ఎన్నాళ్లగానో అనుకుని అంతర్వేది నరసింహస్వామి దర్శనానికి బయల్దేరితే, ఆకలితో తన ఇంటికే వెళ్తున్న పెళ్లివారి మాటలు దారిలో వినపడి వెనక్కి తిరిగి వచ్చేశారని మన కోనసీమలో చెప్పుకుంటారు. పిల్లలకు ఈ కథ చెప్పినప్పుడల్లా చప్పట్లు కొడతారు. నేను మాత్రం ఆ వెనక్కి తిరగడం గురించే ఆలోచిస్తాను. ఎంత అలసిపోయి ఉంటారు! ఎన్ని రాత్రులు పొయ్యి మళ్లీ వెలిగించి ఉంటారు! ఆవిడ పేరున్న అన్నం తింటూ, ఆ పనిని తక్కువగా చూడటం మనకు తగదు.

సేవ సులువని నేను పిల్లలకు చెప్పడం లేదు. మన పేరెంట్స్‌లో ఒక అమ్మ తమ చర్చిలో ప్రేమవిందుకు వండుతారు. ఆవిడ ఒప్పుకున్నాకే ఇది రాస్తున్నాను. "వంట కష్టం కాదు మేడమ్. నేను చేస్తానని తెలుసు కాబట్టి ఇంకెవరూ రారు. జ్వరమొచ్చి ఒకసారి మానేస్తే, ఎందుకు రాలేదన్నారు గానీ ఎలా ఉందని ఒక్కరూ అడగలేదు" అన్నారు. గుడిలో అన్నదానానికి వెళ్లే ఒక నాన్నగారి బాధ వేరు. ఫొటో తీసేదాకా అందరూ ఉంటారు, గంగాళాలు కడిగే వేళకు ఇద్దరే మిగులుతారు. మా స్టాఫ్‌రూమ్‌లోనూ అంతే. కాదనలేని మనిషి నెత్తినే మరో పని పడుతుంది. ఇందులో నా బాధ్యత కూడా ఉంది, సరిచేసుకుంటున్నాను. ఇక మన ఆయమ్మలకు నెలకు ముట్టేది 3 వేల రూపాయల గౌరవ వేతనం. నాలుగు రోజులు గరిటె పట్టాకే నడుం ఎలా పట్టేస్తుందో మన పిల్లలకు తెలిసింది. ఇప్పుడు తిన్నాక "వెళ్లొస్తాం ఆయమ్మా" అని చెప్పి మరీ క్లాసుకు వెళ్తున్నారు.

మిగతా విషయాలు: పరీక్షల టైమ్‌టేబుల్ నోటీసు బోర్డులో ఉంది. ఆధార్‌లో పేరు తప్పున్నవాళ్లు త్వరగా సరిచేయించండి. పదో తరగతి స్టడీ అవర్ సాయంత్రం 5 దాకా. సైకిళ్లకు తాళాలు వేసుకోమనండి. రాత్రి పన్నెండు దాకా ఫోన్ చూసి, పొద్దున ఏమీ తినకుండా వచ్చి ప్రేయర్‌లో కళ్లు తిరిగి పడిపోయే పిల్లలు ఈ నెలలో ముగ్గురయ్యారు. దయచేసి ఈ ఒక్కటీ ఇంట్లో చూసుకోండి.

వడ్డన వంతు సోమవారం నుంచి మళ్లీ మొదలవుతుంది. ఎనిమిది, తొమ్మిది తరగతుల పిల్లలు రోజుకు ఆరుగురు. పదో తరగతికి లేదు. పక్కన ఒక టీచర్ ఉంటారు. వేడి గిన్నెలు ముట్టుకోరు. అంట్లు తోమరు. ఎవరి కంచం వాళ్లు కడుక్కుంటారు, ఆ పని నేనూ చేస్తున్నాను. ఈ లేఖతో పాటు వస్తున్న చీటీ మీద సంతకం పెట్టి పంపండి. ఇష్టం లేనివాళ్లు లేదని రాయండి, ఆ పిల్లల్ని ఎవరూ ఏమీ అనకుండా చూసే పూచీ నాది. అయితే రాసేముందు ఏదో ఒక రోజు మధ్యాహ్నం భోజనాల వేళకు ఒకసారి రండి. మీ పిల్లల చేతి అన్నం తినండి. మా టీచర్ల డబ్బులతో మీకోసం విడిగా వండిస్తాం. వచ్చేది ఎందరో ముందురోజు ఒక ఫోన్ చేసి చెప్పండి, గుడ్లు లెక్క చూసుకోవాలి.

మీ
ప్రధానోపాధ్యాయురాలు